వీపుకి ఆనించిన తంబురా

సంగీత సభవారి ఆఫీసు గది తలుపు తీయగానే ఎదురుగోడకి మేస్టారి ఫొటో ఉంటుంది. వేదిక మీద కూర్చుని, కళ్లు అరమూసి, కొంచెం వెనక్కి వాలి ఉంటారు. కుడిచెయ్యి గాలిలో ఉంటుంది. ఎడమచెయ్యి వెనక తివాచీ మీద ఆని ఉంటుంది. కింద తెల్లటి అక్షరాలతో 'నాదంలో లీనమై' అని రాయించారు. ఏటా ఆయన పోయిన తిథినాడు ఆ పటానికి దండ వేస్తారు. పెద్దమనుషులు మాట్లాడతారు. పన్నెండేళ్లు ఆయన వెనక తంబురా మీటినవాణ్ని కదా, నన్నూ నాలుగు ముక్కలు చెప్పమంటారు. కచేరీకి ముందు ఆయన మిరియాల చారు తప్ప ముట్టేవారు కాదనీ, సభలో ఎవరైనా చుట్ట కాలిస్తే పాట ఆపి కూర్చునేవారనీ చెబుతాను. అందరూ నవ్వుతారు. కాఫీ తాగి ఇంటికొచ్చేస్తాను.

కిందటి తిథికి ఒకాయన మైకు పట్టుకుని, పాత కార్యదర్శి అహంకారం వల్లే ఆ మహాగాయకుడు మూగబోయాడన్నాడు. తంబురా వాయించేవాణ్ని వేదిక దింపేసి, ఎక్కణ్నించో తెచ్చిన కరెంటు శ్రుతిపెట్టె పెట్టి, చివరి కచేరీ చెడగొట్టాడన్నాడు. జనం చప్పట్లు కొట్టారు. ఆ కార్యదర్శి అప్పటికి పోయి ఆర్నెల్లయింది. ముందు వరసలో కూర్చున్న నేను తల ఊపాను. ఊపి ఇంటికొచ్చాక అన్నం సయించలేదు. ఎందుకంటే అది అబద్ధం, అబద్ధమని తెలిసిన మనిషిని ఇప్పుడు నేనొక్కణ్నే.

నేను సంగీతం చదువుకున్నవాణ్ని కాను. పోర్టులో ఫిట్టర్ని. మాది తగరపువలస అవతల వ్యవసాయం చేసుకునే ఇల్లు. ఐటీఐ చదివి, ఉద్యోగం దొరికి, కంచరపాలెంలో రైలుపట్టాల పక్కన ఒక గదిలో దిగాను. ఇనప ఖనిజాన్ని ఓడల్లోకి ఎక్కించే బెల్టులు, వాటి మోటార్లు, వాటి బేరింగులు, ఇదే నా లోకం. ఇంటికొచ్చి తల రుద్దుకుంటే బకెట్టు నీళ్లు ఎర్రగా మారేవి.

మేస్టారి ఇల్లు పాత ఊళ్లో, పోర్టుకి దగ్గర్లోనే. సముద్రపు గాలి చెమ్మకి తంబురా తీగలు బిగించే బిరడాలు నిలవక జారిపోతున్నాయని, వాళ్ల వీధిలో ఉండే మా వర్క్‌షాపు మనిషి నన్ను తీసుకెళ్లాడు. డెబ్బైల మొదట్లో మాట. అప్పటికే ఆయన పేరు రేడియోలో వినని ఇల్లు లేదు. నేను భయపడుతూ వెళ్లాను. తీరా చూస్తే పెద్దాయన పంచె మోకాళ్ల పైకి కట్టుకుని, అరుగు మీద కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తున్నారు. వేదిక మీద పుస్తకంలా మాట్లాడే మనిషి, ఇంట్లో మా నాన్నలాగే మాట్లాడారు. ఆయనదీ మా వైపు రైతుల ఇల్లే.

బిరడాలు తీసి, సానపట్టి, సుద్ద రాసి బిగించాను. ఆయన తీగ మీటి చూసి, "ఇనుం పనోడికి కర్ర మాట కూడా తెలుసునే" అన్నారు. అమ్మగారు, అంటే ఆయన భార్య, అన్నం తిని వెళ్లమన్నారు. మరుసటి ఆదివారం పనేమీ లేకపోయినా వెళ్లాను. అప్పట్లో తంబురా వేసే శిష్యురాలు పెళ్లయి వెళ్లిపోయింది. ఆయన తంబురా నా ఒళ్లో పెట్టి, "కొట్టకు, నిమురు" అన్నారు.

"నాకు పాట రాదండి మేస్టారూ. నా గొంతు వింటే గాడిదలు కూడా నవ్వుతాయి" అన్నాను.

"రాకపోడవే మంచిదిరా. పాటొచ్చినోడికి తంబురా ఇత్తే మనసంతా పాట మీదుంటాది. నీకేటుంది? తీగ మీదే ఉంటాది."

ఆ రోజు నుంచి ఆయన ఎక్కడ పాడితే నేనక్కడ. షిఫ్టులు మార్చుకుని, సెలవులు పెట్టి, ఫోర్‌మన్ చేత తిట్లు తిని తిరిగాను. ఆయన నన్ను 'ఫిట్టరూ' అనే పిలిచేవారు. ఆయన నోట ఆ పిలుపు నాకు బిరుదులా ఉండేది.

నాలుగైదేళ్లు గడిచాయి. ఒక పొద్దుట ఆయన సాధన చేసుకుంటున్నారు, నేను వెనక తంబురా మీటుతున్నాను. పాట మధ్యలో ఆపి, "ఏటిరా, ఆపీసావేటి?" అన్నారు.

నేను ఆపలేదు. నా వేళ్లు తీగల మీదే ఉన్నాయి. "మీటతన్నాను కదండి మేస్టారూ" అన్నాను.

ఆయన వెనక్కి తిరిగి నా వేళ్లవంక చూశారు. చాలాసేపు చూశారు. లోపల అమ్మగారు మజ్జిగ చిలుకుతున్నారు. ఆ చప్పుడు కూడా ఆయనకి వినబడటం లేదని నాకప్పుడు తెలియదు. "సరే" అని మళ్లీ పాట ఎత్తుకోబోయారు, కానీ పాడలేదు, కళ్లద్దాలు తీసి తుడుచుకుంటూ కూర్చున్నారు.

చిన్నప్పటి నుంచీ చెవుల్లో చీము కారే జబ్బట. కర్ణభేరి రెండువైపులా పాడైపోయిందనీ, ఉన్న కాస్తా కూడా తగ్గుతుందనీ డాక్టరు చెప్పాడు. బయటికొచ్చాక ఆస్పత్రి మెట్ల మీద ఆయన నా చెయ్యి పట్టుకున్నారు.

"సెవిటోడి ముందు సెంకం ఊదినట్టని సామెతుంది కదరా. దాన్ని ఊరోళ్లు నా మీద వాడకూడదు. నువ్వూ, మా ఇంటిదీ, నానూ. నాలుగో మనిషికి తెలియకూడదు. మాటియ్యి."

ఇచ్చాను. ఇప్పుడు తప్పుతున్నాను.

పాడటానికి ఆయనకి చెవితో పెద్దగా పని లేదు. తన గొంతు తన తలలోనే మోగుతుంది కదా. కావలసింది తంబురా. శ్రుతి తెలియకుండా పాడటం ఆయన దృష్టిలో బట్టలు లేకుండా వీధిలోకి వెళ్లడంతో సమానం. మూడు నెలలు ఒంట్లో బాగాలేదని కచేరీలన్నీ మానేశారు. అమ్మగారు నాకు గుమ్మంలోనే ఎదురొచ్చి, "పొద్దున్నుంచి మూల కూకున్నారు నాయినా" అనేవారు.

మా పోర్టు పనిలో ఒక పద్ధతి ఉంది. బెల్టు తిరిగేటప్పుడు రొదలో పక్కమనిషి అరిచినా వినబడదు. అయినా ఏ బేరింగు చెడిందో తెలుసుకోవాలి. అప్పుడు పొడుగాటి స్క్రూడ్రైవరు కొస బేరింగు మీద పెట్టి, పిడిని చెవి వెనక ఎముకకి ఆనించాలి. చెవితో పని లేదు, ఎముకే వింటుంది. లోపల గుండు అరిగితే గరగరమని తెలిసిపోతుంది. ఈ పని రోజుకి పదిసార్లు చేసేవాణ్ని. అదేమిటో, మేస్టారి సంగతి మాత్రం మూడు నెలల దాకా తట్టలేదు. తట్టిన రోజు షిఫ్టు దిగి, గ్రీజు బట్టలతోనే స్క్రూడ్రైవరు పట్టుకుని పాత ఊరికి పరిగెత్తాను.

తంబురా కుండ మీద స్క్రూడ్రైవరు కొస ఆనించి, పిడి ఆయన చెవి వెనక పెట్టి, రెండో చేత్తో తీగ మీటాను. ఆయన చిరాగ్గా తల తిప్పబోయి, ఆగిపోయారు. కళ్లు మూసుకున్నారు. "ఉంది" అన్నారు. మళ్లీ, "ఉందిరా. అక్కడే ఉంది. ఎక్కడికీ పోలేదు" అన్నారు. ఆయన గడ్డం మీదుగా కన్నీళ్లు కారడం నేను చూశాను.

చెవి వెనక స్క్రూడ్రైవరుతో కచేరీకి వెళ్లలేరు కదా. పదిరోజులు వెతికి దారి కనిపెట్టాం. నేను ఆయన వెనక అంటుకుని కూర్చుని, తంబురా ఒళ్లో నిలబెట్టి, కుండని ఆయన వెన్నెముకకి, రెక్కల కింద జానెడు దిగువన, ఆనించాలి. గట్టిగా నొక్కితే తీగ మూగబోతుంది. వదులైతే ఆయనకి అందదు. ఉత్తరీయం అడ్డొస్తే నాదం పలచబడుతుంది. అందుకని ఆయన పలచటి మల్లు లాల్చీతోనే కూర్చునేవారు. సన్మానంలో శాలువా కప్పితే వెంటనే తీసి నా భుజాన వేసేవారు. ఎంత నిరాడంబరుడో అని జనం మెచ్చుకున్నారు. తంబురావాణ్ని కూడా పక్కన కూర్చోబెట్టుకుంటారని పత్రికల్లో రాశారు. మేమిద్దరం ఇంటికొచ్చి అవి చదువుకుని నవ్వుకునేవాళ్లం.

ఆ ఏళ్లలో ఆయన పాడినంత బాగా అంతకుముందు పాడలేదని తెలిసినవాళ్లు అంటారు. నాకు తెలియదు. నాకు తెలిసింది ఆయన వీపు. షడ్జమం మీద నిలిచినప్పుడు ఆ ఎముక కుండకి బదులు చెప్పేది, నా ఒళ్లో తంబురా వేడెక్కినట్టుండేది. ఒకసారి మా ఖనిజం ప్లాంటు చూస్తానని వచ్చి, మోటారు మీద అరచెయ్యి పెట్టి, "దీనికి పంచమం తక్కువుందిరా, బిగించు" అన్నారు. మా ఫోర్‌మన్‌కి అర్థంకాక బోల్టులన్నీ సరిచూసుకున్నాడు.

ఇంత కలిసి బతికినవాణ్ని నేను. అలాంటి నేను చేసిన పని ఇది.

సభవారి వార్షికోత్సవం. స్టీలు ప్లాంటు కడుతున్న రోజులు. ఊరికి కొత్త కొత్త అధికార్లు వస్తుండేవారు. ఆ రోజు ముఖ్య అతిథి అలాంటి పెద్దమనిషే. కచేరీకి ముందు పక్కగదిలో సభవాళ్లు కాఫీలు తాగుతుంటే ఆ అతిథి మేస్టారికి నన్ను చూపించి, "ఈయన మీకు అంత ఆనుకుని ఎందుకు కూర్చుంటారు? ఏమిటి రహస్యం?" అని నవ్వుతూ అడిగాడు. మేస్టారు ఎదుటివాళ్ల పెదాలు చదవడం అప్పటికే బాగా నేర్చారు. ఆయనా నవ్వారు.

"మా ఫిట్టరండీ. తంబురా మోసుకొస్తాడు. అక్కడ కూర్చోవడం వాడికో సరదా. కాదంటే అలుగుతాడు" అన్నారు.

గదిలో అందరూ నవ్వారు. నాకు ఒళ్లు మండిపోయింది. పన్నెండేళ్లకి నేను మోసేవాణ్నయ్యాను. గుట్టు కాపాడుకోవడానికి ఆ పూట నోటికొచ్చింది అన్నారని ఇప్పుడు పసిపిల్లాడికి కూడా తెలుస్తుంది. అప్పుడు నాకు తెలియలేదు. ఆయన చెవిటివాడని తెలిసిన ముగ్గురిలో ఒకణ్ని, ఆ సంగతే మర్చిపోయాను.

వేదిక ఎక్కాక కార్యదర్శిగారు వచ్చారు. రిటైరైన హెడ్మాస్టరు, నెమ్మదస్తుడు. "మద్రాసు నుంచి ఎలక్ట్రానిక్ శ్రుతిపెట్టె తెప్పించామండీ. అది మోగుతూ ఉంటుంది. తంబురా కూడా ఉంటే ఉండనివ్వండి, మీ ఇష్టం" అని నాతోనే అన్నారు. మీ ఇష్టం అన్నారు. ఈ మాట నేను ఏ సభలోనూ చెప్పలేదు.

మేస్టారు తల తిప్పి నావంక చూశారు. ఆ చూపు నాకు తెలియక కాదు. ఉండరా అంటోంది. పైకి ఉండమంటే ఎందుకని అడుగుతారు, అందుకని అనలేకపోతున్నారు. నేను తంబురా చంకనెత్తుకుని లేచాను. "పెట్టె ఉంది కదండీ. మోసేవాడికి పని తప్పింది" అన్నాను. ముందు వరసలో నవ్వులు. మూడు మెట్లు దిగి, తంబురాని గోడకి ఆనించి, వేదిక పక్కన స్తంభం దగ్గర నిలబడ్డాను.

మొదటి కీర్తన అలవాటు మీద నడిచిపోయింది. రెండోదీ అంతే. తరవాత శంకరాభరణం ఆలాపన ఎత్తుకున్నారు. పెట్టె హాయిగా మోగుతోంది, అందరికీ వినబడుతోంది, ఆయనకి తప్ప. కాసేపటికి గొంతు దిగడం మొదలైంది. వెంట్రుకవాసి, మళ్లీ వెంట్రుకవాసి. సంగీతం రాని నాకే తెలిసింది. వయొలిన్ ఆయన కమాను ఎక్కడ పెట్టాలో తోచక తడబడ్డాడు. అప్పుడు మేస్టారి వీపు కదిలింది. కొంచెం వెనక్కి వాలింది. ఇంకొంచెం. ఎడమచెయ్యి వెనక్కి వచ్చి తివాచీ మీద తడిమింది. సభలో ఎవరో 'ఆహా' అన్నారు. ఆనందంలో ఒరిగిపోతున్నారనుకున్నారు. ఆయన కుండని వెతుక్కుంటున్నారు.

తంబురా నా కాళ్ల దగ్గరే ఉంది. మూడు మెట్లెక్కి వెనక కూర్చుంటే ఎవరూ కాదనేవారు కాదు. నేను కదల్లేదు. పిలవనీ, అనుకున్నాను. ఇంతమంది ముందూ ఫిట్టరూ అని పిలిచి, నువ్వు లేకపోతే నావల్ల కాదని చెప్పనీ, అనుకున్నాను. ఎదురుగా పత్రికాయన కెమెరా వెలిగింది.

ఆయన పిలవలేదు. కళ్లు తెరిచి వయొలిన్ ఆయన మొహం చూశారు. అతను తల దించుకున్నాడు. దానితో శ్రుతి తప్పిందని ఆయనకి తెలిసిపోయింది. చేతులు జోడించి, అక్కడికక్కడే మంగళం పాడేశారు. ఒంట్లో బాగాలేదేమోనని జనం లేచి నిలబడ్డారు. నేను తంబురా మోసుకుని వెనక నడిచాను.

మళ్లీ ఆయన ఎక్కడా పాడలేదు.

ఇంటిదగ్గర అమ్మగారు కార్యదర్శిని తిట్టని రోజు లేదు. "నిన్ను దింపీసాడు గాబట్టి గానీ, లేపోతే ఆయనకి ఇలగయ్యేదేటి? ఆడి సేతులు పడిపోను" అనేవారు. ఆ మాట అన్నప్పుడల్లా మేస్టారు ఆవిడ పెదాలు చూసేవారు, తరవాత నావంక చూసేవారు. నేను నేల చూసేవాణ్ని. దిగింది నా అంతట నేనేనని ఆయనకి తెలుసు. ఒక్కనాడూ ఆవిడతో చెప్పలేదు. ఆయన గుట్టు నేను దాచానని గొప్పగా అనుకునేవాణ్ని. నా గుట్టు ఆయన దాచారు.

షిఫ్టు దిగి సాయంత్రాలు వెళ్లేవాణ్ని. ఆయన వీపు నావైపు తిప్పి కూర్చునేవారు. నేను కుండ ఆనించి మీటేవాణ్ని. పాడేవారు కారు, ఊరికే వినేవారు. ఏడాదిన్నర అలా గడిచింది. క్షమించండి అనడానికి రోజూ అవకాశం ఉంది. కానీ ఆయన వినాలంటే నా మొహం చూడాలి, నా మొహం ఆయనకి చూపించడానికి నాకు ధైర్యం లేదు. వీపుతో చెప్పలేను కదా. చివరి వారం లేవలేకపోతే పక్కకి ఒత్తిగిలి పడుకున్నారు, మంచం మీదే కుండ ఆనించాను. చెయ్యి వెనక్కి చాపి, తడిమి, కుండ తగిలాక ఆ చెయ్యి దాని మీదే ఉంచుకున్నారు. అలాగే ఉండగా ఒక మధ్యాహ్నం పోయారు. నేను గమనించకుండా ఇంకా మీటుతూనే ఉన్నాను. అమ్మగారు వచ్చి నా చెయ్యి పట్టుకుని ఆపారు.

సభవారు స్మారక సంచిక వేశారు. అట్ట మీద ఆ ఫొటోయే. ఆవిష్కరణ రోజు కార్యదర్శిగారు నన్ను పక్కకి పిలిచి, రెండు చేతులూ పట్టుకుని ఏడ్చారు. "ఆ పెట్టె నేను తేకుండా ఉండాల్సింది. మిమ్మల్ని ఉండమని గట్టిగా చెప్పాల్సింది. నన్ను క్షమించండి" అన్నారు. మీదేం తప్పులేదండీ, దిగింది నేనే, అనాలి. "పరవాలేదండీ" అన్నాను. మీది పెద్ద మనసు అన్నారాయన. తరవాత కనబడినప్పుడల్లా నాకు ముందు ఆయనే దణ్ణం పెట్టేవారు, చివరిదాకా.

అమ్మగారు పోయే ముందు వేసవిలో నన్ను పిలిపించారు. తంబురా నాకే ఇచ్చారు. ట్రంకుపెట్టెలోంచి ఒక కవరు తీశారు. ఆ పత్రికాయన ఎప్పుడో ఇచ్చి వెళ్లిన అసలు ఫొటో అది. సంచిక వాళ్లు ఒక పక్క కత్తిరించి వేశారు. ఇది పూర్తిగా ఉంది. మేస్టారు వెనక్కి వాలి ఉన్నారు, ఎడమచెయ్యి తివాచీ మీద తడుముతోంది. కుడివైపు అంచున స్తంభం, గోడకి ఆనించిన తంబురా, దాని పక్కన నేను. రెండు చేతులూ గుండెల మీద గట్టిగా కట్టుకుని నిలబడి ఉన్నాను.

అమ్మగారు కళ్లకి దగ్గరగా పెట్టుకుని చూసి, నా చేతిలో పెట్టారు.

"ఆళ్లు నిన్ను కత్తిరించీసారు నాయినా. ఇందులో నువ్వూ ఉన్నావు. సూడు, ఆయన పాడతంటే సేతులు కట్టుకుని ఎంత బత్తిగా నిలబడ్డావో."

"అవునమ్మా" అన్నాను.